బండిని తినే కిరాయి

ఆమెను అందరూ కాటా అక్క అనే పిలిచేవారు. సీసాల ఫ్యాక్టరీ గేటు పక్కనున్న తూకం గదిలో పదకొండేళ్లు కూర్చుని లారీలు తూచిన మనిషి. ఖాళీ బండి ఎంత తూగింది, లోడుతో ఎంత తూగింది, మధ్యలో తేడా ఎంత అన్నది కాగితం చూడకుండా చెప్పేది. ఎదుటివాడు ఆవలిస్తే పేగులు లెక్కపెట్టే రకం అని డ్రైవర్లు నవ్వుకునేవాళ్లు. ఆమె వింటుండగానే అనేవాళ్లు, ఆమె కూడా నవ్వేది.

ఉద్యోగం మానేసి ఆరేళ్లయింది. భర్త పరాయివాళ్ల బళ్లు తోలి కూడబెట్టిందీ, తను జీతంలో మిగిల్చిందీ కలిపి, చాలనిదానికి ఫైనాన్సు తీసుకుని పది చక్రాల లారీ కొన్నారు. నాలుగేళ్లు ఆయనే తోలాడు. ఐదో ఏడు ఒకరోజు సీసాల లోడు మీద పట్టా లాగి కడుతుంటే నడుంలో పూస జారింది. అప్పటినుంచీ స్టీరింగు ముందు గంటసేపు కూర్చోలేడు. ఆమె తమ్ముడు వేరే ఊళ్లో బస్సు తోలుకుంటూ, పెళ్లాంబిడ్డలతో సుఖంగా ఉన్నవాడు, అక్క ఒక్క మాట అడిగేసరికి సామాను సర్దుకుని వచ్చేశాడు. బావ ఇంట్లో వంటా, గిన్నెలూ చూసుకునేవాడు. పద్దెనిమిదేళ్లు హారను కొట్టి దారి తీసుకున్నవాడికి గరిటె పట్టుకుని పొయ్యి దగ్గర నిలబడడం మొదట్లో నామోషీగా ఉండేది. తర్వాత అలవాటయింది, కానీ కూరలో ఉప్పు ఎక్కువైందని ఎవరైనా అంటే మాత్రం ఊరుకునేవాడు కాదు.

ఆ సోమవారం పొద్దున్న ఫ్యాక్టరీ గేటుకి నోటీసు అంటించారు. "ట్రిప్పు కిరాయి ఇరవై ఏడున్నర వేల నుండి ఇరవై అయిదు వేలకు సవరించబడినది. నేటి నుండి అమలు."

తమ్ముడు దాన్ని ఫోనులో ఫొటో తీసి అక్కకు పంపాడు. ఆమె చదివి, చెప్పులేసుకుని, నడిచే వచ్చింది. నోటీసు ముందు నిలబడి ఇంకోసారి చదివింది.

"సవరించారట! మెడ కోసి గడ్డం సవరించానన్నట్టుంది."

"ఇప్పుడేం చేద్దాం అక్కా? నా టోకెను పదకొండో నంబరు. ఇంకో గంటలో పిలుస్తారు."

"బండి పక్కకి తియ్యి."

"టోకెను పోతుంది."

"పోనీ. లెక్క చూసుకోకుండా లోడెత్తితే బండే పోతుంది."

ఆ ఫ్యాక్టరీ కొలిమి ఏళ్ల తరబడి ఆరదు. లోపల గాజు ద్రవం ఎప్పుడూ మరుగుతూనే ఉండాలి. పగలూ రాత్రీ సీసాలు దిగుతూనే ఉంటాయి. వాటిని మూడు వందల కిలోమీటర్ల దూరంలోని పట్నానికి, అక్కడి కంపెనీలకి చేర్చేవి యాభై రెండు లారీలు. ఆర్డర్లున్న రోజుల్లో ఇరవై ఆరు లోడవుతాయి, రెండోరోజు ఖాళీగా తిరిగొస్తాయి. అందులో పద్నాలుగు లారీలు ఒక్కడివే. ఆయనే ఓనర్ల సంఘానికి ప్రెసిడెంటు, ఊళ్లోని డీజిల్ బంకులో సగం వాటా కూడా ఆయనదే. మిగతా ముప్పై ఎనిమిదీ ఒక్క బండి ఓనర్లవి. ఒక్కో బండి వెనక ఒక్కో కుటుంబం, ఒక్కో ఫైనాన్సు కాగితం.

మధ్యాహ్నం టైర్ల షాపు షెడ్డులో అందరూ కూడారు. కూర్చోడానికి అరిగిపోయిన టైర్లే. ప్రెసిడెంటుకి మాత్రం కుర్చీ వేశారు.

"చూడండయ్యా, నేను మేనేజరుతో పొద్దున్నే మాట్లాడాను. ఆయన చేతిలో ఏం లేదు. పైనుంచి వచ్చింది. కాదంటే పట్నం నుంచి రెండొందల బళ్ల కంపెనీ దిగుతుంది. అప్పుడు ఇరవై అయిదూ ఉండదు, ఇరవయ్యీ ఉండదు. కొన్నాళ్లు ఓర్చుకుందాం" అన్నాడాయన.

తలలు ఊగాయి. ఓర్చుకోవడం వాళ్లకి కొత్తేం కాదు. బయట ఎండ, లోపల రబ్బరు వాసన. ఎవరికి వాళ్లు లేచి టోకెను కోసం పరిగెత్తుదామా అన్నట్టున్నారు.

"ఓర్చుకుందాం. ఎంత ఓర్చుకోవాలో తెలిస్తే బాగుంటుంది కదా" అంది కాటా అక్క వెనకనుంచి. "ప్రెసిడెంటుగారూ, ఒక్క ట్రిప్పు పోయొస్తే బండికి ఎంతవుతుంది?"

"అది అందరికీ తెలిసిందేగా."

"నాకు తెలియదనుకోండి. చెప్పండి."

ఆయన వాచీ చూసుకున్నాడు. ఆమె టైర్ల షాపతను నంబర్లు రాసుకునే సుద్దముక్క తీసుకుని, షెడ్డు వెనకగోడ ముందు నిలబడింది.

"డీజిల్ చెప్పండి. ఆరొందల కిలోమీటర్లు, పోనూ రానూ. మీ బళ్లు లీటరుకి ఎంత ఇస్తున్నాయి?"

"నాలుగు" అన్నారు కొందరు. "నాలుగున్నర" అన్నాడొకడు.

"అబద్ధం చెప్పకన్నా, నీ బండిని నేను తూచాను" అంది. షెడ్డంతా గొల్లుమంది. "నాలుగే. నూట యాభై లీటర్లు. లీటరు తొంభై. పదమూడున్నర వేలు." గోడమీద రాసింది. "టోల్ రెండు వేల నాలుగొందలు. డ్రైవరు బేటా, అంటే ట్రిప్పు భత్యం, తిండితో కలిపి రెండు వేలు. ఇంకేంటి?"

"ఇంకేముంది? మిగిలిందే మనది."

"టైర్లో?"

"టైర్లు రోజూ కొంటామా అక్కా? ఎప్పుడో కొంటాం."

"కడుపులో పుండు కూడా ఎప్పుడో బయటపడుతుంది. పెరిగేది మాత్రం రోజూ." ఆమె గొంతులో నవ్వు లేదు. "పది టైర్లు, రెండు లక్షలు. అరవై వేల కిలోమీటర్లకి అరిగిపోతాయి. మన రోడ్లమీద అంతకంటే ముందే. ట్రిప్పుకి రెండు వేల రబ్బరు రోడ్డుకి పూసి వస్తున్నాం. రాసుకోండి. ఆయిలూ, గ్రీజూ, బ్రేకులూ, కమాన్ పట్టీలూ పన్నెండు వందలు. ఇన్సూరెన్సూ, టాక్సూ, ఫిట్‌నెస్సూ ఏడాదికి లక్షా ఇరవై వేలు. ఆర్డర్లు లేని రోజులూ, రిపేర్లూ పోను ఏడాదికి నూట ఇరవై ట్రిప్పులు తిరిగితే ట్రిప్పుకి వెయ్యి. ఫైనాన్సు వాయిదా నెలకి నలభై అయిదు వేలు. పది ట్రిప్పులకి పంచితే నాలుగున్నర వేలు."

కింద గీత గీసి కూడింది. ఇరవై ఆరు వేల ఆరొందలు.

ముందు కూర్చున్నవాళ్లు వేళ్లమీద మళ్లీ కూడుకున్నారు. గేటు అవతల కొలిమి హోరు మాత్రం వినిపిస్తోంది.

"నిన్నటిదాకా ట్రిప్పుకి తొమ్మిదొందలు మిగిలేవి. రెండు రోజుల చాకిరీకి. ఇవాళ్టినుంచి ట్రిప్పుకి పదహారొందలు మనమే ఫ్యాక్టరీకి ఎదురు డబ్బిస్తాం."

వెనక టైరు మీద కూర్చున్న ముసలాయన గొంతు సవరించుకున్నాడు. ఆయనకి అరవై ఏడేళ్లు. సొంత బండి, తనే డ్రైవరు. ఏనాడూ బండికి స్టెప్నీ టైరు పెట్టుకున్న పాపాన పోలేదు కనక స్టెప్నీ తాత అని పేరొచ్చింది.

"మరి ఇన్నేళ్లూ ఇంట్లో పొయ్యి ఎలా వెలిగిందమ్మా? మేం తిన్నామే!"

"తిన్నది కిరాయి కాదు తాతా. టైర్లకి దాచాల్సింది తిన్నాం. ఇంజినుకి దాచాల్సింది తిన్నాం. నీకు స్టెప్నీ ఎందుకు లేదు? నువ్వు దాన్ని ఎప్పుడో తినేశావు. మనం బండిని తింటున్నాం."

తాత తన చేతులకేసి చూసుకున్నాడు, అక్కడ ఇంకా మెతుకులున్నట్టు.

ప్రెసిడెంటు లేచాడు. "లెక్కలు గోడమీద బాగానే ఉంటాయి. పొట్టకూటి దగ్గర పనికిరావు. నా పద్నాలుగు బళ్లూ రేపు లోడెత్తుతాయి. తెలివున్నవాళ్లు నా వెనక రండి."

వెనక ఎవరైనా వెళతారేమోనని ఆమె చూస్తూ నిలబడింది. ఒక్కడు లేచాడు. గుమ్మందాకా వెళ్లి, గోడకేసి చూసి, మళ్లీ వచ్చి కూర్చున్నాడు.

"ఎత్తనివ్వండి" అంది ఆమె, ప్రెసిడెంటు కారు వెళ్లిపోయాక. "ఆయనవి రోజుకి ఏడు కదులుతాయి. పంతొమ్మిది లోడ్లు ఆగిపోతాయి. గోడౌన్లో నూట ఇరవై లోడ్లు పడతాయి, సగం నిండే ఉంది. పదకొండేళ్లు ఆ చిట్టాలు నా చేతిమీదే వెళ్లాయి. సీసా చేసినంత మాత్రాన సరుకు కాదు. అది ఊరు దాటితేనే సరుకు. దాటించేది మనం. ఎవరి గేటు ముందూ అడ్డం పడుకోనక్కర్లేదు, ఎవర్నీ తిట్టనక్కర్లేదు. బండి ఆపి, తాళం జేబులో పెట్టుకుందాం. చాలు."

మంగళవారం పొద్దున్న ముప్పై ఎనిమిది లారీలు రోడ్డుకి ఎడమపక్క వరసగా ఆగిపోయాయి.

ఇంట్లో మాత్రం పోరు తప్పలేదు. "పెద్దవాళ్లతో మనకెందుకే? ఈ నెల వాయిదా పదో తారీఖు. ఫైనాన్సువాడు వచ్చి బండి ఎత్తుకెళితే మీ లెక్కల గోడ అడ్డొస్తుందా?" అన్నాడు భర్త, కత్తిపీట ముందు నడుం పట్టుకుని.

"ఇరవై అయిదుకి తోలితే మాత్రం వాయిదా కట్టగలమా? వాడు ఎత్తుకెళ్లేది ఒక నెల ఆలస్యంగా. అంతే తేడా."

ఆయన ఉల్లిపాయలు కొంచెం గట్టిగా తరిగాడు.

బుధవారం ఉదయం డిస్పాచ్ మేనేజరు స్వయంగా టైర్ల షాపుకి నడిచి వచ్చాడు. ఇస్త్రీ నలగని చొక్కా. ఎనిమిదేళ్లుగా లోడింగు అంతా ఆయన చేతుల మీదే. ఆ రోడ్డు దాటి ఇవతలికి ఆయన రావడం అదే మొదటిసారి.

"మీకూ నాకూ ఉన్నది తర్వాత చూసుకుందాం" అన్నాడు అందరికీ వినపడేలా. "గోడౌన్లో మందు సీసాలున్నాయి. చిన్నపిల్లల దగ్గు మందుకి, జ్వరం మందుకి. మీ పంతం వల్ల పట్నంలో మందుల కంపెనీ లైను ఆగిపోతోంది. రేపు ఏ పసిపిల్లకైనా మందు దొరక్కపోతే ఆ పాపం ఎవరిది?"

దెబ్బ తగలాల్సిన చోటే తగిలింది. పిల్లలున్నవాళ్లు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. తమ్ముడు తల దించుకున్నాడు, వాడి చిన్నదానికి నాలుగు రోజులుగా జ్వరం.

కాటా అక్క ముందుకొచ్చింది. "మందు సీసాలు రోజుకి ఎన్ని లోడ్లు సార్?"

"ఒకటి."

"ఆ ఒక్క లోడూ మేం తోలతాం. కిరాయి వద్దు."

"కిరాయి వద్దా?"

"ఒక్క పైసా వద్దు. డీజిలూ, టోలూ, డ్రైవరు తిండీ కలిపి పద్దెనిమిది వేల లోపు. ముప్పై ఎనిమిది మందికి పంచితే మనిషికి అయిదొందలు కూడా కాదు. రోజూ ఒక బండి. మీరు చీటీ మీద 'కిరాయి లేదు' అని రాసి సంతకం పెట్టివ్వండి. బిడ్డల పేరు చెప్పి కూల్‌డ్రింకు సీసాలు ఎక్కించకుండా తూకం దగ్గర మా మనిషి ఒకరుంటారు."

ఒప్పుకోకపోతే పాపం మేనేజరు నెత్తిన పడుతుంది. ఒప్పుకుంటే చేతిలో ఆయుధం పోతుంది. చివరికి ఒప్పుకున్నాడు.

మొదటి లోడు నేను పోతానని స్టెప్నీ తాత పట్టుబట్టాడు. "మందులు మోస్తూ దారిలో పంచరై కూర్చుంటావా?" అని ఆమె తన బండి స్టెప్నీ విప్పించి తాత బండికి కట్టించింది. తాత దాన్ని రెండుసార్లు తన్ని చూసి, పెళ్లిలో కొత్త బట్టలు పెట్టినంత మురిసిపోయాడు.

మధ్యాహ్నం మేనేజరు ఆమె ఒక్కదాన్నే లోపలికి పిలిపించాడు. చల్లటి గది. అద్దంలోంచి తను పదకొండేళ్లు కూర్చున్న తూకం గది కనిపిస్తోంది. అక్కడ ఇప్పుడెవరో అమ్మాయి కూర్చుని చీటీ రాస్తోంది. అప్పట్లో తనకు వంగినట్టే ఆ అమ్మాయి మెడ కూడా ఒకపక్కకి వంగి ఉంది.

"నువ్వు మా మనిషివమ్మా. ఇక్కడ పనిచేసినదానివి. వాళ్లతో నీకేంటి?" అంటూ ఆయన ఫ్యాక్టరీ ముద్రున్న కాగితం ముందుకు తోశాడు. "నీ బండికి మూడేళ్ల ఒప్పందం. ట్రిప్పుకి ఇరవై తొమ్మిది వేలు. క్యూలో నిలబడక్కర్లేదు. రేపు పొద్దున్నే మొదటి లోడు నీది."

"అందరికీనా?"

"నీకు. నీ ఒక్క బండికి."

ఆమె కాగితం చదివింది. ప్రతి మాటా చదివింది. "బండి మా ఆయన పేరుమీద ఉంది సార్. సంతకం ఆయన పెట్టాలి. తీసుకెళ్లనా?"

"తీసుకెళ్లు. సాయంత్రంలోగా తెచ్చెయ్యి."

రోడ్డు దాటుతున్నంతసేపూ ఆ కాగితం ఆమె చేతిలో బరువుగానే ఉంది. ఇరవై తొమ్మిదిలోంచి ఇరవై ఆరు వేల ఆరొందలు తీస్తే రెండు వేల నాలుగొందలు. నెలకి ఇరవై నాలుగు వేలు. లెక్కలు ఆమె అడక్కుండానే నోటికొచ్చేవి, ఆపమంటే ఆగేవి కావు. ఆయన నడుముకి డాక్టరు చెప్పిన ఆపరేషను ఎనిమిది నెలల్లో చేయించెయ్యొచ్చు. కోరుకున్నది కాళ్ల దగ్గరికి వచ్చి పడింది. అందుకే ఆమెకి అంత కోపంగా ఉంది.

భర్త కాగితాన్ని వెలుతురుకి పెట్టి నెమ్మదిగా చదివాడు. రెండోసారి చదివాడు. గోడకి చేరబడి కూర్చున్నాడు.

"సంతకం పెట్టమంటావా?"

"బండి మీది. నడుం మీది. నేను చెప్పను."

ఆయన కిటికీలోంచి ఫ్యాక్టరీవైపు చూశాడు. "ఒకసారి ఆ గేటు ముందు మూడు రోజులు నిలబెట్టారు నన్ను. వాన. లోడు రెడీ కాలేదన్నారు. మూడు రోజులూ క్యాబిన్లోనే. మంచినీళ్లున్నాయా అని ఒక్కడు అడగలేదు. ఆ మూడు రోజులకీ ఒక్క పైసా ఇవ్వలేదు. తూకం గదిలో కూర్చున్న మనిషొకతి మాత్రం ఫ్లాస్కులో టీ పంపించింది."

"ఆ టీకే కదా పడిపోయారు మీరు!"

"ఆఁ. చక్కెర తక్కువైంది అందులో." ఆయన చేతులు తువాలుకి తుడుచుకున్నాడు. "పెన్ను తే."

సంతకం పెట్టేస్తాడనే ఆమె అనుకుంది. అయినా పెన్ను తెచ్చి ఇచ్చింది. ఆయన కాగితాన్ని మోకాలి మీద పెట్టుకుని, సంతకం చెయ్యాల్సిన చోట వదిలేసి, కింద ఖాళీలో పెద్ద అక్షరాలతో రాశాడు: "ఈ రేటు యాభై రెండు బళ్లకూ ఇస్తే సంతకం పెడతాను." దాని కింద పేరు రాసి గీత గీశాడు.

"ఇంకేం, తీసుకెళ్లు. తీసుకెళ్లేముందు తిను. అక్కడ నోరు పారేసుకోవాలంటే కడుపులో ఏదో ఒకటి ఉండాలి."

కాగితం మేనేజరు బల్లమీదకి వెళ్లలేదు. టైర్ల షాపు గోడమీద, కూడిక పక్కన అతుక్కుంది.

"ఇదిగో, చదువుకోండి" అంది ఆమె అందరితో. "ఫ్యాక్టరీకి ఇవ్వడానికి డబ్బుల్లేవని మనం జాలిపడుతున్నాం. ఒక్కదాని నోరు నొక్కడానికి ఇరవై తొమ్మిది ఇస్తున్నారంటే ఇవ్వగలరన్నమాట. మన రేటు వాళ్లే రాసిచ్చారు. ఇంకా ఎవరికైనా భయం ఉందా?"

ఆ సాయంత్రం ప్రెసిడెంటు డ్రైవర్లు లోడెత్తుకుని వెళ్లేముందు టీ తాగుదామని ఆగారు. గోడ చదివారు. వాళ్లలో ఒక పొడుగాటి మనిషి తమ్ముణ్ణి పక్కకి పిలిచాడు.

"మాకు ఇరవై అయిదు లెక్కన ఓనరు బేటా కోసేశాడు. రెండు వేలది పదిహేనొందలు చేశాడు. ఇదేం న్యాయం?"

"మా అక్కనడుగు."

కాటా అక్క మాట తిప్పలేదు. "తగ్గిన కిరాయి ఆయనకి తగిలితే మీమీదకి తోశాడు. మీరు ఎవరిమీదకి తోస్తారు? ఇంటికెళ్లి పెళ్లాంమీదకి తోస్తారా?"

గురువారం పొద్దున్న ఏడు తాళంచెవులు ప్రెసిడెంటు బంకులో, డీజిల్ బిల్లుల మీద వరసగా పెట్టి ఉన్నాయి. అప్పటికి మిగతా ఏడు బళ్లూ లోడుతో పట్నం దారిలో ఉండగా, ఆ డ్రైవర్లు ఫోనులోనే చెప్పేశారు, ఇది దింపేసి ఖాళీగా వస్తాం, మళ్లీ లోడు ఎక్కించం అని. ప్రెసిడెంటు అరిచాడు, బతిమాలాడు, చివరికి మొబైలు విసిరికొట్టాడు. అది కూడా ఆయన ఖర్చే.

మేనేజరు పట్నంలోని పెద్ద కంపెనీకి ఫోను చేశాడు. వాళ్లు ఒక పూట లెక్కలేసుకుని ముప్పై రెండు వేలు అడిగారు. వాళ్ల బళ్లూ డీజిల్‌తోనే నడుస్తాయి, వాళ్ల టైర్లూ అరుగుతాయి. పైగా అంతదూరం ఖాళీగా రావాలి.

శుక్రవారం ఉదయం తొమ్మిదింటికి ఫ్యాక్టరీ గోడ అవతల ఒక శబ్దం మొదలైంది. ముందు చినుకుల్లా, తర్వాత వడగళ్లలా. టైర్ల షాపులో మాటలాగిపోయాయి. తమ్ముడు లారీ క్యాబిన్ మీదకి ఎక్కి చూశాడు.

"అక్కా, పగలగొడుతున్నారు. గోడౌను నిండిపోయింది. కొత్త సీసాలు పెట్టడానికి చోటు లేదు. లైను మీంచి దిగినవి దిగినట్టు పారలతో పగలగొట్టి మళ్లీ కొలిమిలో వేస్తున్నారు."

కొందరు ఈల వేశారు. ఆమె వెయ్యలేదు. ఆ సీసాలు ఊది, చల్లార్చి, ఏరి పెట్టేవాళ్లు ఆమెకు తెలుసు. ఒక్కో సీసాలో ఎంత గ్యాసు కాలిందో, ఎందరి చేతులు కాలాయో తెలుసు. "నవ్వకండి" అంది. "అది లోపలివాళ్ల కష్టం. దాన్ని పగలగొట్టే బదులు మన రెండున్నర వేలు ఇచ్చి ఉండొచ్చు. ఆ మాట గట్టిగా అడగండి, అంతేగానీ ఈలలెయ్యకండి."

పదకొండింటికి కబురొచ్చింది. మేనేజరు, ఆయన పక్కన పైనుంచి వచ్చిన ఒక పెద్దాయన. ఇవతల ప్రెసిడెంటు, కాటా అక్క, స్టెప్నీ తాత, ఇంకో పదిమంది. తాత నిన్న సాయంత్రమే తిరిగొచ్చాడు, మందుల కంపెనీవాళ్లు ఇచ్చిన బిస్కెట్ల పొట్లంతో. దాన్ని ఎవరికీ పెట్టకుండా చొక్కాలో దాచుకున్నాడు.

గంటన్నర పట్టింది. ఇరవై తొమ్మిది వేలని ఆమె మొదలుపెట్టింది, "మీ కాగితమే" అంటూ. ఇరవై ఎనిమిదిన్నర దగ్గర తెగింది. డీజిల్ లీటరుకి ఒకటి పెరిగితే ట్రిప్పుకి నూట యాభై పెరగాలి, తగ్గితే అంతే తగ్గాలి. లోడు కోసం మొదటిరోజు దాటి నిలబెడితే రోజుకి రెండు వేలు హాల్టింగు. డ్రైవరు బేటా రెండు వేలకి తగ్గకూడదు. ఆ చివరిది రాయిస్తున్నప్పుడు ప్రెసిడెంటు కిటికీలోంచి బయటకి చూశాడు.

పెద్దాయన కలం మూత తీసి ఆగాడు. "ఒక్క విషయం. ఈవిడ బండి మాత్రం మా గేటులోకి రాకూడదు. లోపలి కాగితాలు గోడలకి అంటించేవాళ్లతో మేం పనిచెయ్యలేం."

నాలుగు రోజులుగా అక్కా అక్కా అన్నవాళ్లు బల్లకేసి చూస్తున్నారు. ప్రెసిడెంటు నెమ్మదిగా అన్నాడు, "ఒక్క బండే కదా..."

ఆమెకి ఒళ్లంతా భగ్గుమంది. పెద్దాయన మీద కాదు, ఆ వంచిన తలల మీద. నోరు తెరవబోయేంతలో తాత లేచాడు.

"అయితే రెండు బళ్లు. నాది కూడా కొట్టెయ్యండి. ఈ అమ్మాయి టైరు నా బండికుంది."

"తాతా, కూర్చో" అంది.

"నేను కూర్చోను. అరవై ఏడేళ్లు కూర్చున్నాను."

గుమ్మం దగ్గర నిలబడ్డ పొడుగాటి డ్రైవరు లోపలికి అడుగేశాడు. "అక్క బండి లేకపోతే మేమూ ఎక్కించం." ఇంకొకడు తల ఎత్తాడు. తర్వాత ఇంకొకడు. అందరూ కాదు. ఇద్దరు మాత్రం చివరిదాకా బల్లనే చూశారు. వాళ్లెవరో ఆమె చూసి పెట్టుకుంది.

గోడ అవతల సీసాలు పగులుతూనే ఉన్నాయి. పెద్దాయన ఆ శబ్దం కాసేపు విని, "ఆరు నెలలు" అన్నాడు. "ఆరు నెలలు రాకూడదు. మా మాట కూడా ఉండాలి కదా."

"రాయండి" అంది ఆమె, ఎవరూ ఏమీ అనకముందే. "మీ మాట ఆరు నెలలుంటుంది. మా రేటు అందరికీ ఉంటుంది. నాకు బేరం గిట్టింది."

మధ్యాహ్నానికి రోడ్డు కదిలింది. లారీ తర్వాత లారీ గేటులోకి వెళుతూ ఆమె ముందు హారను కొట్టి పోయాయి. ఆమె బండి ఒక్కటే ఎడమపక్క మిగిలింది. తమ్ముడు బానెట్ మీద కూర్చుని కాళ్లూపుతున్నాడు.

"ఇప్పుడు మనమేం తోలుదాం అక్కా?"

"ఊరంతా తినేదీ, కట్టుకునేదీ, కట్టేదీ ఏది నడిచొస్తుందిరా? మనకి లోడు దొరక్కపోవడమేంటి?"

అన్నంత తేలిక కాలేదు. రెండు వారాలు బండి ఖాళీగా ఉంది. ఫైనాన్సువాడు రెండుసార్లు ఇంటికొచ్చాడు. రెండోసారి వాడికి ఆమె ఆలస్యపు వడ్డీ ఎలా తప్పు వేశారో చూపిస్తే, ఆఫీసులో కనుక్కుని చెబుతానని వెళ్లి మళ్లీ రాలేదు. మూడో వారం నది అవతలి క్వారీ నుంచి తెల్ల ఇసుక తోలే పని దొరికింది. గాజు చేసే ఇసుక. దిగాల్సింది అదే ఫ్యాక్టరీలో, వెనక గేటులో. ఆ కాంట్రాక్టు వేరు, ఒప్పందంలో వెనక గేటు మాట ఎవరూ రాయలేదు.

రెండో ట్రిప్పుకే మేనేజరు ఎదురుపడ్డాడు. తమ్ముడి పక్కన కూర్చున్న ఆమెను చూసి ఆగిపోయాడు. "నువ్వు ఇక్కడెందుకున్నావు?"

"ఇసుక సార్. మీ కొలిమికి ఆకలేస్తోందట."

ఆయన ఇసుక బండికేసి చూసి, పక్కకి తప్పుకుని దారిచ్చాడు.

ఆ ఆదివారం ఇంట్లో ఆమె చీర కుచ్చిళ్లు ఎగదోపుకుని ముందుగది ఊడుస్తోంది. భర్త పొయ్యి దగ్గరనుంచి తొంగిచూశాడు.

"ఏంటీ హడావుడి? ఎవరొస్తున్నారు?"

"ఇసుక బళ్లవాళ్లు. టన్నుకి ఎంతిస్తున్నారో తెలుసా వాళ్లకి? మన సీసాల రేటు దీనిముందు మహారాజభోగం. ఒకసారి కూర్చుని చూసుకుందాం అన్నాను. పదకొండు మంది."

ఆయన నడుం మీద చెయ్యి పెట్టుకుని, సంచీ తీసుకుని చెప్పులు వేసుకున్నాడు.

"పదకొండు మందంటే పాలు రెండు లీటర్లు చాలవు" అంటూ వీధిలోకి దిగాడు.